ముత్యం, చమురు, మసి: మునీరా అల్ ఖాదిరి దృశ్యకళ

కువైట్‌లో ఏళ్ళ తరబడి ఉంటున్న మనవాళ్ళకు ఈ దేశచరిత్ర సాధారణంగా మూడు మాటల్లో తెలుసు. ఒకప్పుడు ముత్యాలు తీసేవారు, తరువాత చమురు పడింది, మధ్యలో సద్దాం వచ్చి పోయాడు. ఈ మూడింటికీ పరస్పర సంబంధమేదీ లేనట్టే మాట్లాడుకుంటాం. ఈ దేశస్థులు కూడా చాలాకాలం అలాగే మాట్లాడుకున్నారు. చమురుకు ముందున్నది ఒక యుగం, తరువాతిది మరొక యుగం, నడుమ గోడ.

ఆ గోడను అంగీకరించని కళాకారిణి మునీరా అల్ ఖాదిరి. ఆమె వీడియోలు తీస్తారు, శిల్పాలు చేస్తారు, కొన్నిసార్లు తన చిత్రాల్లో తానే వేషం కడతారు. డాక్యుమెంటరీ అన్న పేరు ఆమె పనికి పూర్తిగా సరిపోదు. వ్యాఖ్యాత ఉండడు, తేదీలు ఉండవు, ముఖాముఖీలు ఉండవు. అయినా ఆమె ముఖ్యమైన రచనలకు ముడిసరుకు వాస్తవమే: ఇతరులు తీసిన వీడియో టేపులు, టీవీ సీరియళ్ళు, పాత పాటలు, తాతల వృత్తులు. ఇప్పటికే ఉన్న దృశ్యాన్ని తీసుకుని, అందులో లోపించినదేదో గుర్తించి, దాన్ని తెచ్చి అక్కడ నిలబెట్టటం ఆమె పద్ధతి. ఒక రచనలో ఆ లోపించినది గొంతు, మరొకదానిలో రంగు, ఇంకొకదానిలో మనిషి. చరిత్ర రాసేవారు నేర్చుకోదగిన పద్ధతి ఇది. ప్రవాసాంధ్రులమైన మనకు ఇందులో సొంత ప్రమేయం కూడా ఉంది. దాన్ని చివర ప్రస్తావిస్తాను.

మునీరా 1983లో సెనెగల్ రాజధాని డాకర్‌లో జన్మించారు. తండ్రి దౌత్యవేత్త. తల్లి సురయ్యా అల్ బఖ్సమి కువైట్ చిత్రకారిణుల్లో తొలితరం వారు, కథారచయిత్రి, మాస్కోలో చిత్రలేఖనం అభ్యసించినవారు. అక్క ఫాతిమా సంగీతకారిణి. 1990 ఆగస్టు 2న ఇరాక్ సేనలు దేశంలోకి ప్రవేశించేనాటికి మునీరాకు ఏడేళ్ళు. ఆక్రమణ ఏడు నెలలు సాగింది. ఆ రోజుల్లో తల్లి ఆక్రమణను నిరసిస్తూ లినోలియం పలకల మీద చెక్కి ముద్రలు తీశారు. ఆ కాలపు అనుభవాల నుంచి పుట్టిన ఆమె కథల సంపుటి పేరుకు తెలుగులో ‘నేలమాళిగల కొవ్వొత్తులు’ అని అర్థం. అలా యుద్ధం గురించి మునీరా నేర్చుకున్న తొలిపాఠం వార్తల నుంచి వచ్చింది కాదు. ఇంట్లో, తల్లి చేతుల్లో, చూస్తుండగానే బొమ్మగా, కథగా మారుతున్న యుద్ధం అది.

యుద్ధం ముగిశాక వచ్చిన మరొక పాఠం విచిత్రమైనది. గల్ఫ్ యుద్ధాన్ని ఆధారం చేసుకుని 1992లో ‘డెజర్ట్ స్ట్రైక్’ అనే వీడియో గేమ్ అమెరికాలో వెలువడింది. తాము అనుభవించిన యుద్ధాన్నే ఆ పిల్లలిద్దరూ తెర మీద ఆటగా ఆడారు. దాదాపు ఇరవై ఏళ్ళ తరువాత ఫాతిమా అదే పేరుతో ఒక సంగీత సంకలనం వెలువరించారు. అనుభవానికీ దాని బొమ్మకూ మధ్య ఉన్న ఈ దూరమే ఉభయులకూ జీవితకాలపు వస్తువైంది.

జపాన్ యానిమేషన్ చిత్రాల మీద మమకారంతో మునీరా పదహారేళ్ళ వయసులో ఆ దేశం వెళ్ళారు. 2010లో టోక్యో కళా విశ్వవిద్యాలయం నుంచి డాక్టరేట్ పొందారు. పరిశోధనాంశం మధ్యప్రాచ్యపు కవిత్వం, సంగీతం, చిత్రకళ, మతాచారాల్లో దుఃఖసౌందర్యం. కరుణరసాన్ని రసాలన్నిటికీ మూలంగా భావించిన భవభూతిని ఎరిగిన మనకు ఇది అపరిచితమైన అంశం కాదు. 2008 నాటి ‘వా వైలా’ వీడియోలో ఆమె పురుషవేషం ధరించి ఒక పాత కువైటీ జానపద విలాపగీతానికి అభినయించారు. దుఃఖాన్ని పాడుకునే హక్కు ఎవరిదన్న ప్రశ్న అప్పటికే ఆమెలో ఉంది.

ఇక మంటల సంగతి. 1991 జనవరి, ఫిబ్రవరి నెలల్లో వెనుదిరుగుతున్న ఇరాక్ సేనలు ఆరువందలకు పైగా చమురుబావులకు నిప్పుపెట్టాయి. అంచనాల ప్రకారం రోజుకు 40 నుంచి 60 లక్షల పీపాల చమురు కాలిపోయింది. అనేక దేశాల బృందాలు వచ్చాయి. హంగేరీ వారు పాత సోవియెట్ ట్యాంకు మీద రెండు మిగ్ విమానాల ఇంజన్లు బిగించి, ఆ గాలితో నీటిని మంట మీదికి చిమ్మారు. చివరి బావిని నవంబరు 6న మూశారు. నా దగ్గరకు వచ్చే యాభై దాటిన కువైటీ రోగుల్లో కొందరు, ఊపిరితిత్తుల మాట వచ్చినప్పుడల్లా ఆ సంవత్సరం దగ్గరే మొదలుపెడతారు. మధ్యాహ్నం కారు దీపాలు వేసుకుని నడపటం, ఆరేసిన బట్టల మీద నల్లటి చుక్కలు, దగ్గితే నల్లటి కళ్ళె. ముప్ఫై ఏళ్ళ తరువాతి దగ్గుకు ఆ పొగే కారణమని వైద్యుడిగా నేను చెప్పలేను. కానీ వారి జ్ఞాపకంలో రోగచరిత్ర అక్కడే ప్రారంభమవుతుంది.

ఈ మంటల మీద ప్రపంచానికి బాగా తెలిసిన చిత్రం జర్మన్ దర్శకుడు వెర్నర్ హెర్జోగ్ 1992లో తీసిన ‘లెసన్స్ ఆఫ్ డార్క్‌నెస్’. హెలికాప్టర్ నుంచి తీసిన సుదీర్ఘ దృశ్యాలు, వాటి వెనుక వాగ్నర్, మాహ్లర్, వెర్డీల సంగీతం. కువైట్ అన్న పేరు ఎక్కడా వినిపించదు. అన్యగ్రహం నుంచి వచ్చిన యాత్రికుడు వర్ణిస్తున్నట్టుగా కథనం నడుస్తుంది. బెర్లిన్ చిత్రోత్సవంలో దాన్ని ప్రదర్శించినప్పుడు, ఘోరాన్ని అందంగా చూపించాడని ప్రేక్షకులు దర్శకుడి మీద మండిపడ్డారు. గొప్ప చిత్రమే, సందేహం లేదు. అందులో మాట పడిపోయిన బిడ్డను ఎత్తుకున్న తల్లిని ఒకసారి చూసినవారు మరచిపోలేరు. అయితే ఆ సంగీతం ఎవరిది? ఆ ఆకాశం కింద నివసించిన మనిషి చెవిలో ఆ రోజుల్లో మోగుతున్నది వాగ్నర్ కాదు.

2013లో మునీరా చేసిన పది నిమిషాల వీడియో ‘బిహైండ్ ద సన్’ ఈ ప్రశ్నకు సమాధానంలా ఉంటుంది. ఆమె కొత్తగా ఏమీ చిత్రించలేదు. ఆ మంటల వేళ వృత్తి చిత్రకారులు కానివారు వీహెచ్ఎస్ కెమెరాతో తీసిన దృశ్యాలను తీసుకున్నారు. చిత్రంలో స్పష్టత తక్కువ, రంగులు చెదిరి ఉంటాయి, అంచులు వణుకుతుంటాయి. ఆ దృశ్యాల మీద ఆమె పరచిన ధ్వని అదే కాలంలో టీవీలో వచ్చిన మతకార్యక్రమాలది. ఆనాటి ఆ కార్యక్రమాల్లో జలపాతాలు, చెట్లు, కొండలు, జంతువులు చూపుతూ, సృష్టి వైభవాన్ని కీర్తించే అరబిక్ కవిత్వాన్ని గంభీరమైన గొంతుతో చదివేవారు. ప్రకృతి ద్వారా దైవాన్ని దర్శింపజేయటం వాటి ఉద్దేశం. మునీరా జలపాతాన్ని తీసేసి అగ్నిస్తంభాన్ని పెట్టారు. గొంతు మాత్రం అదే.

దీని బలం ఇక్కడివారికి తెలిసినంతగా బయటివారికి తెలియదు. మన ఇళ్ళలో ఉదయంపూట ఆకాశవాణి భక్తిరంజని విన్న చెవులతో, 1977 నాటి దివిసీమ ఉప్పెన శిథిలాల దృశ్యం మీద అదే భక్తిరంజని వినిపిస్తే ఎలా ఉంటుందో ఊహించుకోండి. అది వెక్కిరింతా, ప్రార్థనా, ఆక్రోశమా? మూడింటిలో ఏ ఒక్కటీ అని తేల్చలేం. భగవంతుడి సృష్టిని పొగిడే మాటలు భూమి గర్భం నుంచి ఎగసే మంటకు కూడా వర్తిస్తాయని ఆ గొంతు అనకుండానే అంటుంది. వినేవాడు కాసేపు భక్తిలో ఉంటాడు, మరుక్షణం భయంలో ఉంటాడు. పేరు కూడా గమనించదగినది. అరబ్బుల వాడుకలో ఒకడిని సూర్యుడి వెనక్కి పంపారంటే, వాడు మళ్ళీ ఆచూకీ లేకుండా మాయమయ్యాడని అర్థం. ఆక్రమణ కాలంలో అలా మాయమైన వారి కోసం ఈ దేశంలో కుటుంబాలు ఏళ్ళపాటు ఎదురుచూశాయి. పొగలో పగటి సూర్యుడే కనిపించని దృశ్యానికి ఆ పేరు పెట్టడంలో రెండు అర్థాలూ పలుకుతాయి.

హెర్జోగ్ ఘటనను దాని స్థలం నుంచి విడదీసి విశ్వవ్యాప్తం చేశారు. మునీరా దాన్ని తిరిగి ఒక ఇంటి టీవీ గదిలోకి తెచ్చారు. నాకు రెండవదే ఎక్కువ చరిత్రగా తోస్తుంది. విపత్తు వచ్చినప్పుడు జనం ఏం చూశారన్నది ఏ కెమెరా అయినా చెబుతుంది. అప్పుడు వారి చెవుల్లో ఏ మాటలు ఉన్నాయి, వాటితో ఆ విపత్తును ఎలా అర్థం చేసుకోబోయారు అన్నది మాత్రం ఆ ఊరివారు చెబితేనే తెలుస్తుంది.

మంటలకు ఒక తరం వెనక్కి వెళితే చమురు, ఇంకొక తరం వెనక్కి వెళితే ముత్యం. బుర్గాన్‌లో చమురు పడింది 1938లో. మొదటి ఎగుమతి 1946లో. అంతకుముందు ఈ తీరమంతా వేసవిలో ముత్యాల వేటకు బయలుదేరేది. మునిగేవాడు ముక్కుకు క్లిప్పు, కాలికి రాయి కట్టుకుని దిగేవాడు. పడవ యజమాని ముందుగా ఇచ్చిన అప్పు తీరక, తండ్రి బాకీ కొడుకు మెడకు చుట్టుకునేది. పడవలో పని అలసట తెలియకుండా పాడటానికి ‘నహ్హామ్’ అనే గాయకుడు ప్రత్యేకంగా ఉండేవాడు. మునీరా తాత అటువంటి గాయకుడే.

ఆ ముత్యాలు ఎక్కడికి వెళ్ళేవి? ఎక్కువగా బొంబాయి బజారుకు. అక్కడి నుంచి సంస్థానాధీశుల ఖజానాలకు. సముద్రమే లేని హైదరాబాదు ముత్యాల నగరమైంది ఇందువల్లనే. పత్తర్‌గట్టి వ్యాపారులు నేటికీ అత్యున్నతమైనదాన్ని ‘బస్రా ముత్యం’ అంటారు. బస్రా రేవు పేరు మీద చలామణి అయిన ఆ ముత్యాలు ఈ అఖాతం అడుగు నుంచి పైకి తీసినవే. భారత ప్రభుత్వం 1995లో 218 కోట్ల రూపాయలకు కొన్న నిజాం ఆభరణాల్లో ఏడుపేటల బస్రా ముత్యాల హారం ఉంది. వాటిలో ఏ ముత్యాన్ని ఏ అప్పుల మనిషి ఊపిరి బిగబట్టి తీశాడో ఖజానా లెక్కల్లో ఉండదు. ఈ బంధం ఎంత గట్టిదంటే 1961లో దినారు వచ్చేదాకా కువైట్‌లో చెల్లిన నాణెం రూపాయే. 1959లో గల్ఫ్ ప్రాంతం కోసం మన రిజర్వు బ్యాంకు వేరే రంగులో నోట్లు కూడా ముద్రించింది.

ఈ వృత్తిని కూలదోసిన కారణాల్లో ప్రధానమైనది జపాన్. మికిమోతో 1893లో మొదటి సాగు ముత్యాన్ని సాధించారు. 1920ల నాటికి సాగు ముత్యాలు ప్రపంచ విపణిని ముంచెత్తాయి. 1929 ఆర్థిక మాంద్యం మిగిలినది పూర్తిచేసింది. ఆ మునిగేవారి వంశంలోని అమ్మాయి, తాతల వృత్తిని దెబ్బతీసిన దేశానికే వెళ్ళి కళ నేర్చుకుని రావటం చరిత్రలోని చమత్కారం.

తిరిగివచ్చిన మునీరా గమనించినది ఒక రంగు. ముత్యం మీద కదిలే ఇంద్రధనుస్సు, నీటి మీద తేలే చమురు తెట్టు మీద కూడా కదులుతుంది. ఇది కవి కల్పన కాదు. ముత్యంలో పొరలు పొరలుగా పేరుకున్న పదార్థం నుంచీ, నీటి మీద పలుచగా పరచుకున్న చమురు నుంచీ వెలుగు ప్రతిఫలించే తీరు ఒకే భౌతికసూత్రానికి లోబడినది. పలుచని పొరల పైనుంచీ, అడుగునుంచీ వచ్చే కిరణాలు కలిసి ఆ రంగులను పుట్టిస్తాయి. 2014లో ‘ఏలియన్ టెక్నాలజీ’ పేరుతో ఆమె చమురుబావులు తవ్వే డ్రిల్లు మొనను పెద్ద శిల్పంగా చేసి, ఆ ముత్యపు రంగు పూశారు. చూసినవారికి అది సముద్రజీవిలా, గ్రహాంతరవాసుల యంత్రంలా, కిరీటంలా కనిపిస్తుంది. 2018 నాటి వీడియో ‘డైవర్’లో అవే రంగుల దుస్తులు ధరించిన ఈతగత్తెలు నల్లటి నీటిలో లయబద్ధంగా కదులుతారు; వెనుక ముత్యాల పడవల పాట. నీరు నల్లగా ఉండటం వల్ల వారు సముద్రంలో ఈదుతున్నారో చమురులో ఈదుతున్నారో తెలియదు. రెండు యుగాల మధ్య గోడ ఆ నీటిలో కరిగిపోతుంది.

ఇక్కడ నాకొక అభ్యంతరం ఉంది. రంగు రెండు కాలాలను కలిపింది, నిజమే. కానీ ఆ రెండు కాలాల్లోనూ శ్రమపడిన మనిషి ఆ మెరుపులో కనబడడు. 1972లో ఖాలిద్ అల్ సిద్దీఖ్ తీసిన కువైట్ తొలి కథాచిత్రం ‘బస్ యా బహర్’ నలుపు తెలుపుల్లోనే ఆ పని చేసింది. అందులో పేద యువకుడు పెళ్ళికి కావలసిన సొమ్ము కోసం ముత్యాల వేటకు వెళ్ళి, చిప్పలో చేయి ఇరుక్కుని నీటి అడుగునే మరణిస్తాడు. అతడు తీసిన ముత్యాన్ని తల్లి తిరిగి సముద్రంలోకి విసిరేస్తుంది. ఆ తల్లి విసురులో ఉన్న లెక్క, అప్పు, ఆగ్రహం నిగనిగలాడే శిల్పంలో లేవు. అటువంటి శిల్పాన్ని ధనవంతుడు కొని హాలులో అలంకారంగా పెట్టుకోవచ్చు.

ఈ అభ్యంతరానికి జవాబు మునీరా రచనల్లోనే మరొకచోట దొరుకుతుంది. అది 2014 నాటి ‘సోప్’ అనే చిన్న వీడియో. గల్ఫ్ దేశాల్లో టీవీ సీరియళ్ళకు, ముఖ్యంగా రంజాన్ నెలలో, ఉండే ఆదరణ ఇక్కడున్నవారికి తెలుసు. విశాలమైన భవనాలు, ఖరీదైన సోఫాలు, ఆస్తి తగాదాలు, కన్నీళ్ళు. ఆ ఇళ్ళు అంత శుభ్రంగా ఎలా ఉన్నాయి? టీ ఎవరు పెట్టారు? నిజజీవితంలో దాదాపు ప్రతి ఇంట్లో ఉండే పనిమనుషులు ఆ సీరియళ్ళలో చాలావరకు కనిపించరు. మునీరా ఆ సీరియళ్ళ దృశ్యాలనే తీసుకుని, ఎడిటింగ్ ద్వారా పనివారిని వాటిలోకి చేర్చారు. కథానాయిక ఏడుస్తూనే ఉంటుంది, ఆ పక్కనే పనివారు తమ పని తాము చేసుకుపోతుంటారు. సీరియల్ పాత్రలు వారిని చూడవు, ఎందుకంటే ఆ పాత్రలు నటించిన రోజున వారు అక్కడ లేరు. ఒక సాంకేతిక అవసరమే ఇక్కడ సామాజిక సత్యమైంది. ఎదురుగా ఉన్న మనిషిని చూడకుండా మాట్లాడటం ఎలా ఉంటుందో అంత సులభంగా చూపించిన చిత్రాన్ని నేను మరొకటి ఎరుగను.

తెలుగు పాఠకుడికి ఇది దూరపు సంగతి కాదు. కడప, అన్నమయ్య, గోదావరి జిల్లాల నుంచి వచ్చిన వేలమంది స్త్రీలు ఈ ఇళ్ళలోనే పనిచేస్తున్నారు. విమానాశ్రయానికి దగ్గరగా, గోదాములతో, కార్యాలయాలతో, పెద్ద దుకాణాలతో నిండిన దజీజ్‌లో సెలవురోజున నడిస్తే, ఊరికి పంపే అట్టపెట్టెల కోసం సామాను కొనుక్కుంటూ తెలుగులో బేరమాడే అక్కలు తారసపడతారు. పాలపొడి డబ్బాలు, దుప్పట్లు, పిల్లలకు చాక్లెట్లు. వారానికొక సెలవు, రోజుకు పన్నెండు గంటలకు మించని పని ఇంటిపనివారికి చట్టంలో చేరింది 2015లోనే. ఆ పెట్టెలు ఊరు చేరుతాయి, వాటిని నింపిన జీవితం మాత్రం ఏ తెర మీదికీ చేరదు.

ఇంటిపనిమనిషిని తెర మధ్యకు తెచ్చిన పని తెలుగులో మరొక చిత్రకారుడు అంతకు పాతికేళ్ళ ముందే చేశారు. బి. నరసింగరావు కుంచె పట్టిన చేత్తోనే సినిమా తీసినవారు. ‘మా ఊరు’ డాక్యుమెంటరీలో పల్లెను దాని పనులతో, పండుగలతో చూపారు. 1988 నాటి ‘దాసి’లో గడీలో అరణంగా వచ్చిన కమలాక్షి జీవితాన్ని దాదాపు మాటలు లేకుండా నడిపారు. అర్చనకు ఉత్తమనటిగా, ఎ.కె. బీర్‌కు ఛాయాగ్రహణానికి, చిత్రకారుడు తోట వైకుంఠానికి కళాదర్శకత్వానికి ఆ చిత్రం జాతీయ పురస్కారాలు తెచ్చింది. గడీ గోడలు, గచ్చు నేల, ఊడుస్తున్న చీపురు చప్పుడు, దూరం నుంచి పిలుపు. దొర కథలో దాసి మూలన ఉంటుంది. నరసింగరావు కెమెరాను ఆ మూలన పెట్టారు. మునీరా చేసినదీ అదే. ఒకరు నెమ్మదితో, మరొకరు చిలిపిదనంతో ఒకే సత్యాన్ని పట్టుకున్నారు. ఇద్దరూ చిత్రకళ నుంచి వచ్చినవారు కావటం యాదృచ్ఛికం కాదనుకుంటాను. పటంలో ఎవరు ఎక్కడ నిలబడ్డారు, ఎవరికి చోటు దక్కలేదు అన్నది చిత్రకారుడికి మొదట కనబడుతుంది.

ఇప్పుడు మన ప్రమేయం సంగతి. 1990లో కువైట్ నుంచి భారతీయుల తరలింపు ప్రపంచంలోనే అతిపెద్ద పౌర విమాన తరలింపుల్లో ఒకటి. 1,70,000 మందికి పైగా అని సాధారణంగా చెప్పే లెక్క. వారిలో చాలామంది బస్రా, బాగ్దాదు మీదుగా బస్సుల్లో జోర్డాన్ చేరి, అమ్మాన్‌లో విమానం ఎక్కారు. వారిలో తెలుగువారూ ఉన్నారు. దాని మీద హిందీలో భారీ సినిమా వచ్చింది. అందులో ఒక వ్యాపారి నాయకుడయ్యాడు. రాయచోటి వంటవాడూ, రాజంపేట డ్రైవరూ, రాజోలు ఆయా ఆ ప్రయాణంలో ఏం చూశారో, గుడారాల్లో రాత్రి ఏం పాడుకున్నారో, తిరిగివచ్చాక అప్పులవారికి ఏం చెప్పారో మన భాషలో నమోదైనది బహుస్వల్పం. ఇప్పుడు వారికి అరవై, డెబ్భై ఏళ్ళు.

ఫోను ఖరీదైన ఆ కాలంలో గల్ఫ్ కుటుంబాలు ఉత్తరాలకు బదులు ఆడియో క్యాసెట్లలో మాట్లాడి పంపుకునేవి. భార్య ఒకవైపు, భర్త రెండోవైపు. సెలవుకు వచ్చినవారు వీడియో కెమెరా తెచ్చి పెళ్ళిళ్ళు, గృహప్రవేశాలు తీశారు. ఆ టేపులు ఇంకా కొన్ని అటకల మీద ఉన్నాయి. అయస్కాంతపు పూత తేమకు బూజుపట్టి రాలిపోతుంది. ఆడించే యంత్రాలు కూడా అరుదైపోయాయి. మునీరా రచన సాధ్యపడింది 1991లో మసి కురుస్తున్నప్పుడు ఎవరో కెమెరా పట్టుకుని నిలబడి, ఆ టేపును పారేయకుండా దాచినందువల్ల. మన ఇళ్ళలో అటువంటి టేపులు ఉన్నవారు, ఈ సంవత్సరమే వాటిని బయటికి తీసి ప్రతులు చేయించండి. వాటితో ఏం చేయాలో తెలిసిన అమ్మాయి మన ఊళ్ళలో ఎక్కడో పెరుగుతూ ఉండవచ్చు.